చదవకుండా నకలు: ఒక మంత్రాల కట్ట కేస్ స్టడీ

కట్టలో 64 తాటాకులు. ఒక్కో ఆకు దాదాపు 32 సెంటీమీటర్ల పొడవు, మూడున్నర సెంటీమీటర్ల వెడల్పు. రెండు వైపులా గంటంతో గీసిన తెలుగు రాత, వైపుకు ఆరేడు వరసలు. పైనా కిందా చెక్క పట్టెలు. చిల్లులు రెండున్నా తాడు ఒకదాంట్లోనే ఉంది, అదీ ఈ మధ్య ఎవరో మార్చిన నైలాన్ తాడు. భాష కొంత తెలుగు, కొంత సంస్కృతం, కొంత ఏ భాషకీ చెందని అక్షరాలు. విషయం మంత్రాలు, యంత్రాలు, వాటి మధ్య తేలుకాటుకీ పిల్లల జ్వరాలకీ మూలికా వైద్యం.

తెచ్చింది ఎనభై దాటిన ఒక పెద్దావిడ, ఆవిడ కొడుకు. వాళ్ల తాతగారు మంత్రవైద్యుడు. పాత రాతప్రతులను బాగుచేసే మాకు ఒప్పజెప్పిన పని రెండు ముక్కల్లో చెప్పొచ్చు: కట్ట ఇంకొన్ని తరాలు నిలిచేలా చూడాలి, చేత్తో రాసిన నకలు ఒకటి ఇవ్వాలి. షరతు ఒకటే. ఉపదేశం లేనివాళ్లు ఆ మంత్రాలు చదవకూడదు.

"చదవకుండా రాయగలవా, నాయనా?" అని అడిగారావిడ.

ఫాంటసీ గేముల్లో మంత్రగ్రంథాలకు నకళ్లు రాసే లేఖకుడి పాత్ర ఉంటుంది. చదివితే పేలిపోయే పుస్తకాన్ని కళ్లు సగం మూసుకుని రాస్తూ ఉంటాడు. మా పనిలో పేలుళ్లు లేవు గానీ, ఈ షరతు అచ్చం అలాంటిదే. నవ్వుకుని పక్కన పెట్టలేదు. ఒప్పుకున్నాం కాబట్టి, ఆ మాటకు కట్టుబడే పద్ధతి వెతుక్కోవాల్సి వచ్చింది. అదే చివరికి పనికి మేలు కూడా చేసింది.

కట్ట పరిస్థితి

కట్ట చాలాకాలం వంటింటి అటక మీద ఉందట. కట్టెల పొయ్యి ఉన్నన్నాళ్లూ ఆ పొగే పురుగును దగ్గరికి రానివ్వలేదు. గ్యాస్ వచ్చాక పొగ పోయింది, పురుగు వచ్చింది. ఆకుల అంచుల్లో గుండ్రటి సన్నని చిల్లులు, వాటి వెంట మెత్తని పొడి. తాళపత్రాలను తొలిచే గాస్ట్రాలస్ జాతి పెంకు పురుగు చేసే పని ఇలాగే ఉంటుంది. పైకప్పు నుంచి ఎప్పుడో నీళ్లు కారి చివరి పది పన్నెండు ఆకులు ఒకదానికొకటి అతుక్కుపోయాయి. పై ఆకుల మీద ఏటేటా దసరాకు పెట్టిన పసుపు, కుంకుమ, దీపం నూనె చుక్కలు పొరలు పొరలుగా ఉన్నాయి.

పాత లేఖకులు గ్రంథం చివర రాసే ఒక శ్లోకం ఈ కట్టలోనూ ఉంది: "తైలాద్రక్షేత్ జలాద్రక్షేత్ రక్షేత్ శిథిలబంధనాత్, మూర్ఖహస్తే న దాతవ్యం ఏవం వదతి పుస్తకమ్." నూనె నుంచి, నీటి నుంచి, వదులైన కట్టు నుంచి నన్ను కాపాడండి, మూర్ఖుడి చేతికి ఇవ్వకండి అని పుస్తకం వేడుకుంటోంది. మొదటి మూడూ ఈ కట్టకు జరిగిపోయాయి. నాలుగోదాని గురించి మాట్లాడే అర్హత మాకు లేదు.

ముందు పురుగు సంగతి. కట్టను గాలి చొరని పాలిథీన్ సంచిలో పెట్టి, మైనస్ 20 డిగ్రీల దగ్గర డీప్ ఫ్రీజర్‌లో ఉంచుతాం. కనీసం వారం ఉండాలి. బయటికి తీశాక సంచి వెంటనే విప్పకూడదు, గది వేడికి వచ్చేదాకా ఆగాలి. తొందరపడితే గాలిలోని తేమంతా చల్లటి ఆకుల మీద నీళ్లై కూర్చుంటుంది. ఒకప్పుడు ఇలాంటి కట్టలకు థైమాల్ అనే రసాయనంతో పొగ పెట్టేవారు. నేను దాని జోలికి వెళ్లను.

అతుక్కున్న ఆకులను లాగితే రాత ఉన్న పైపొర లేచి వచ్చేస్తుంది. తేమ నింపిన మూత డబ్బాలో నెమ్మదిగా మెత్తబడనిచ్చి, పలుచటి వెదురు బద్దతో అంచు నుంచి లోపలికి వెళ్లాలి. ఒక్క ఆకు విడవడానికి పూట పట్టినా పట్టొచ్చు. మురికి తుడవడానికి ఆల్కహాల్, నీళ్లు సగం సగం. అది గంటంతో గీసిన రాతకే, అదీ ఒక మూల పరీక్షించాకే. కలంతో, సిరాతో రాసిన ఆకైతే ఆ తుడుపుతో రాతే పోతుంది. పెళుసెక్కిన ఆకులకు మాత్రం నిమ్మగడ్డి నూనె పల్చగా రాశాను. శ్లోకమేమో నూనె వద్దంటోంది, గ్రంథాలయాల్లో ఏళ్లుగా వాడుతున్నదీ నూనే. నా మటుకు నేను లేఖకుడి వైపే మొగ్గుతాను. అన్ని ఆకులకూ రాయడం ఒక అలవాటుగా మారింది గానీ, వంగే ఆకుకు నూనె అక్కర్లేదు. నూనె ఎక్కువైతే ఆకు నల్లబడుతుంది, దుమ్ము పట్టేస్తుంది. చిరిగిన చోట్ల జపనీస్ టిష్యూ అనే పలుచటి కాగితం, మిథైల్ సెల్యులోజ్ జిగురు.

ఇక కుంకుమ. పెద్దావిడ దృష్టిలో అది మురికి కాదు, ఆ గ్రంథానికి జరిగిన పూజ. నా దృష్టిలో నూనెతో కలిసి ముద్దయిన కుంకుమ పురుగుకు పెట్టిన విందు. అక్షరాల మీద ఉన్నది తీసేశాం. చెక్క పట్టెల మీద ఉన్నది వదిలేశాం. వదిలేయడం రాజీ కోసం కాదు. ఈ కట్టను చదివిన పుస్తకంగా కన్నా పూజించిన వస్తువుగానే ఎక్కువకాలం వాడారు, దానికి సాక్ష్యం ఆ పట్టెల మీద పొరలే.

రెండు ఆకులు ఖాళీ అని ఇంట్లో అందరూ అనుకునేవారు. ఆకును బల్ల మీద పెట్టి, దీపాన్ని పక్క నుంచి, దాదాపు ఆకు మట్టానికి దించి చూస్తే గీతలు కనిపించాయి. నిండా రాత ఉంది. గంటంతో గీశాక మసిని నూనెలోనో ఆకుపసరులోనో కలిపి రుద్ది తుడిస్తే, గీతల్లో నిలిచిన నలుపు వల్ల అక్షరం కంటికి కనిపిస్తుంది. ఈ రెండు ఆకులకూ ఎవరూ మసి పూయనే లేదు, గీతల అడుగున నలుపు ఆనవాలే లేదు. మంత్రం దాచడానికే అలా చేశారనుకుంటే కథ బాగుంటుంది. రాసినవాడు మసి పూయకుండా మరో పనిలో పడి ఉంటాడనుకోవడం తేలిక. పెద్దావిడ కొడుకు "ఇప్పుడు పూసేయండి సార్, కనబడతాయి" అన్నారు. పూయలేదు. మసి పూస్తే ఆ ఆకు గురించి మనకు తెలిసిన ఒకే ఒక్క విచిత్రం మాసిపోతుంది. ఏటవాలు వెలుగులో ఫొటో తీస్తే అక్షరాలు ఎటూ దొరుకుతాయి.

నకలు: అసలు తలనొప్పి ఇక్కడే

కావ్యాన్ని నకలు రాసేవాడికి ఛందస్సు తోడుంటుంది. అక్షరం తప్పితే గణం కుంటుతుంది, యతి చెడుతుంది, ప్రాస పోతుంది. సి.పి. బ్రౌన్ పండితులను పెట్టి ఒకే కావ్యానికి దొరికినన్ని ప్రతులు తెప్పించి, పోల్చి, శుద్ధప్రతులు రాయించగలిగాడంటే ఆ పద్యాల నిర్మాణమే సగం పని చేసిపెట్టింది. వేదానికి పద, క్రమ, జట, ఘన పాఠాలున్నాయి. ఒకే మంత్రాన్ని అటూ ఇటూ తిప్పి వల్లిస్తుంటే తప్పు తలదాచుకునే చోటు ఉండదు.

మంత్రాల కట్టకు ఇవేవీ లేవు. హ్రీం లాంటి బీజాక్షరానికి నిఘంటువు అర్థం లేదు కాబట్టి అర్థాన్ని బట్టి సరిచేయలేం. రెండో ప్రతి ఉండదు, రహస్యమన్నాక ఎవరిది వారి దగ్గరే. అందుకే నకలు రాసేవాడి చేతికి ఒకటే నియమం: చూసింది చూసినట్టు. ఆ సంగతి కూడా పాత లేఖకులు శ్లోకంలో పెట్టేశారు. "యాదృశం పుస్తకం దృష్ట్వా తాదృశం లిఖితం మయా, యది శుద్ధమశుద్ధం వా మమ దోషో న విద్యతే." పుస్తకంలో ఎలా ఉంటే అలా రాశాను, ఒప్పో తప్పో నా దోషం లేదు. తప్పించుకునే మాటలా వినిపిస్తుంది కదా. ఈ రంగంలో ఇంతకన్నా నిజాయితీ గల మాట నేను చూడలేదు. తప్పును తప్పుగా అందిస్తేనే తర్వాతివాడు దాన్ని పట్టుకోగలడు.

చదవకూడదన్న షరతుకు మేం చేసింది ఇది. అట్టముక్కలో చిన్న కిటికీ కోసి ఆకు మీద పెట్టాం. ఒకేసారి మూడు నాలుగు అక్షరాలే కనిపిస్తాయి. అంత చిన్న ముక్కలో మాట తయారవదు, మనసు ముందుకు పరిగెత్తి తెలిసిన పదాన్ని పూరించేయదు. రాశాక సరిచూడటం చివరి అక్షరం నుంచి వెనక్కి. వరసకు అక్షరాలు లెక్కపెట్టి రెండు వైపులా సరిపోయాయా అని చూడటం చివరి మెట్టు. ఈ లెక్క కొత్తదేం కాదు, 32 అక్షరాలను ఒక గ్రంథంగా కొలిచి రచన పొడవు చెప్పడం మన లేఖకుల పాత అలవాటే. మామూలు కావ్యాలకూ ఇప్పుడు మేం ఈ కిటికీ వాడుతున్నాం.

ఇలా అక్షరం అక్షరం చూస్తుంటే ఒక సంగతి బయటపడింది. కట్టలో శ, స తారుమారు విపరీతం. ఇవి చెవి చేసే తప్పులు. కంటితో చూసి రాసేవాడు ప, వ కలిపేస్తాడు, ఒకేలా ముగిసే రెండు వరసల మధ్య ఒకటి ఎగరేస్తాడు. అలాంటివి మంత్రభాగంలో దాదాపు లేవు. అంటే ఒకరు పైకి చదువుతుంటే ఇంకొకరు విని రాసిన కట్ట ఇది. ఆ మాట పెద్దావిడకు చెప్పాలా వద్దా అని కాస్త టెన్షన్ పడ్డాను. చెబితే నవ్వేశారు. "మంత్రం చెవిలోనే కదా చెప్తారు, నాయనా. కంటితో చూసి నేర్చుకునేది మంత్రమెలా అవుతుంది?"

యంత్రాల ఆకులు మాత్రం వేరే కథ. అందులో నాలుగేసి గళ్ల నాలుగు వరసల చౌకం ఒకటి ఇలా ఉంది, ఆకు మీద తెలుగు అంకెల్లో:

7, 12, 1, 14
2, 13, 8, 11
16, 2, 10, 5
9, 6, పురుగు తిన్నది, 4

ఇలాంటి చౌకాల్లో అడ్డంగా, నిలువుగా, ఐమూలగా ఎటు కూడినా ఒకే మొత్తం రావాలి. ఇక్కడ మొదటి రెండు వరసలూ 34. ఒక్క అంకె తేడాతో ఇవే అంకెలు ఇదే వరసలో ఖజురాహో పార్శ్వనాథ ఆలయంలో చెక్కి ఉన్నాయి. నారాయణ పండితుడు 1356లో రాసిన గణితకౌముదిలో ఈ విద్యకు భద్రగణితమని పేరు పెట్టి ఒక అధ్యాయమే కేటాయించాడు. కాబట్టి తిన్న గడి సంగతి క్షణంలో తేలింది. నాలుగో వరసలో మిగిలినవి 19, మూడో నిలువులో మిగిలినవీ 19. అక్కడ 15 ఉండి తీరాలి.

ఇంకో గడబిడ ఉంది. మూడో వరస కూడితే 33. రెండో నిలువు కూడితే 33. కుడి పై మూల నుంచి ఎడమ కింది మూలకు ఐమూలగా కూడినా 33. ఈ మూడూ కలిసే గడి ఒక్కటే, 16 పక్కనున్న 2. పైగా 2 ఈ చౌకంలో ముందే ఒకసారి వచ్చింది, 3 ఎక్కడా లేదు. ఆకు మీద ౨ స్పష్టంగా ఉంది, రావాల్సింది ౩. తెలుగులో ఈ రెండు అంకెలకూ తేడా ఒక్క మెలికే. అంటే మంత్రాలు విని రాసినవాడు యంత్రాలను చూసి గీశాడు. చౌకాన్ని చెవితో రాయడం కష్టం కాబట్టి అది సహజమే. చెవి తప్పులూ కంటి తప్పులూ ఒకే కట్టలో ఇంత విడివిడిగా దొరకడం నాకు బాగా నచ్చిన విషయం.

మరి నకలులో ఏం రాయాలి? 2 అనే రాశాం. తిన్న గడిని ఖాళీగానే ఉంచాం. ఎదురు పేజీలో, వేరే రంగు సిరాతో, ఏ గడిలో ఏ అంకె ఉండాలో, ఎందుకో రాశాం. కొడుకు ఒప్పుకోలేదు. "తప్పు యంత్రం ఇస్తే అది పని చేయదు కదండీ!" పని చేయడం, చేయకపోవడం మా డిపార్ట్‌మెంట్ కాదని చెప్పి, లెక్క ప్రకారం సరిచేసిన చౌకాన్ని విడి కాగితం మీద గీసి, కింద "కూడికను బట్టి పూరించినది" అని రాసి ఇచ్చాం. అది ఆయన పూజగదికి. నకలు మాత్రం కట్ట ఎలా ఉంటే అలా.

బీజాక్షరాల దగ్గర ఇంత సుఖం లేదు. ఒక ఆకులో అంగన్యాసం, అంటే ఒక్కో అంగాన్ని తాకుతూ ఒక్కో బీజం చెప్పే వరస, ఉంది. హ్రాం తర్వాత పురుగు చిల్లు, తర్వాత హ్రూం, హ్రైం, హ్రౌం, హ్రః. ఆరు అంగాలకు దీర్ఘాచ్చులు, చివర విసర్గ వరసగా రావడం న్యాసానికి కట్టుదిట్టమైన పద్ధతి. పోయింది హ్రీం అని ఎవరైనా చెబుతారు. నోట్‌లో అలాగే రాశాం. రెండు ఆకుల తర్వాత అసలు మంత్రంలోనూ అలాంటి చిల్లే పడింది. హకారం, దాని కింద క్రావడి మిగిలాయి, గుణింతం ఉండాల్సిన భాగం లేదు. పక్కనున్నవాళ్లందరూ "హ్రీం అని రాసేయండి, ఎక్కడ చూసినా అదేగా" అన్నారు.

ఎక్కడ చూసినా అదే కావడమే చిక్కు. న్యాసంలో వరస సాక్ష్యం చెప్పింది. ఇక్కడ సాక్ష్యమేమీ లేదు, మన అలవాటు ఒక్కటే ఉంది. పేరున్న మంత్రాలకైతే వాటి అక్షరాలను వరసగా చెప్పే ఉద్ధార శ్లోకాలు ఆదుకుంటాయి. సౌందర్యలహరి 32వ శ్లోకంలో శివ, శక్తి, కామ, క్షితి అంటూ పేర్ల చాటున పదిహేను అక్షరాల పంచదశి మంత్రాన్ని చెప్పినట్టు. పల్లెటూరి మంత్రవైద్యుడి మంత్రానికి అలాంటి శ్లోకం ఎవరు కడతారు? హ్రూం అయినా కావచ్చు, హ్రౌం అయినా కావచ్చు. ఒకసారి హ్రీం అని మంచి దస్తూరీతో రాసేస్తే తర్వాత చూసేవాడికి అక్కడ చిల్లు ఉండేదన్న సంగతే తెలియదు. మిగిలిన రూపాన్ని గీసి, పైన చుక్కల గీత పెట్టి, పక్కన "గ్రంథపాతం" అని రాశాం. పాత ప్రతుల్లో రాత పోయిన చోటును పండితులు చెప్పే మాటే అది. ఇప్పటికీ అంతకన్నా సరైనది లేదు.

మూలికల భాగం గురించి ఎక్కువ చెప్పను. అక్కడ భాష మామూలు తెలుగు, అర్థమవుతుంది, నకలు సులువు. కాకపోతే మోతాదుల దగ్గర పాత భిన్నాల గుర్తులున్నాయి, వాటిని ఇప్పటి తూకాల్లోకి మార్చి రాయమన్నారు. మార్చలేదు. తేలుకాటు మందు మోతాదును నకలు రాసేవాడు ఊహించి మార్చడం ప్రాణాలతో చెలగాటం.

ఫొటోలు 600 డీపీఐలో, టిఫ్ ఫార్మాట్‌లో. యూనికోడ్‌లో టైపు చేసిన పాఠం వేరే ఫైలు. పాత ప్రతుల్లో అచ్చు లేని నకారానికి రాసే గుర్తు నకారపొల్లు 2021లో వచ్చిన యూనికోడ్ 14లో చేరింది. అంతకుముందు దాన్ని న్ అని రాసి సరిపెట్టుకోవాల్సి వచ్చేది, కట్ట ఎలా ఉంటే అలా అన్న నియమం అక్కడే తప్పేది. అక్షరానికి కుడిపక్క రాసే పాత రకారపు గుర్తు వలపలగిలకను మాత్రం ఇప్పటికీ ఫాంట్ దయ మీద వదిలేయాల్సిందే.

తేలనివి, ఒప్పజెప్పినవి

కట్ట ఎప్పటిది? చివర "ధాత నామ సంవత్సర మాఘ బహుళ" అని ఉంది. అరవై ఏళ్లకోసారి వచ్చే పేరు కాబట్టి 1816-17, 1876-77, 1936-37 మూడూ పోటీలో ఉన్నాయి. తిథితో పాటు వారం తెలిస్తే పంచాంగ గణితంతో ఏ సంవత్సరమో తేల్చవచ్చు. సరిగ్గా తిథి, వారం రాసిన చోటే పురుగు తినేసింది. తాతగారికి వాళ్ల నాన్నగారి నుంచి వచ్చిందని ఇంట్లో చెప్పుకునే మాటను బట్టి మధ్యది కావచ్చు. రికార్డులో మూడూ రాశాం, ఇంటి మాటను ఇంటి మాటగానే రాశాం. మూడింటిలో ఏదైనా 75 ఏళ్లు దాటినట్టే. 1972 నాటి పురావస్తువుల చట్టం లెక్కలో ఇలాంటి రాతప్రతి పురావస్తువు కిందకు రావచ్చని, దేశం దాటించాలనుకుంటే అనుమతుల గొడవ ఉంటుందని కొడుకుకు చెప్పాం. వాళ్ల అమ్మాయి అమెరికాలో ఉంటోంది, అందుకని.

అసలు కట్టను గ్రంథాలయానికి ఇవ్వమని నేను అడిగాను. పెద్దావిడ ఇవ్వనన్నారు. మధ్యేమార్గంగా కుదిరింది ఇది: కట్ట కొలతలు, స్థితి, విషయసూచిక, వైద్యభాగం ఫొటోలు ఎవరైనా చూడవచ్చు. మంత్రభాగం ఫొటోలు సీలు వేసి ఉంటాయి, తెరవాలంటే ఆ కుటుంబం సంతకం కావాలి. ఈ ఏర్పాటు మీద నాకు పూర్తి తృప్తి లేదు. అన్నీ తెరిచి పెడితేనే భద్రమని మా రంగంలో గట్టిగా వాదించేవాళ్లున్నారు, వాళ్ల మాటలో బలముంది. కానీ షరతు లేకుండా అయితే ఆ కట్ట అటక దిగేదే కాదు.

నైలాన్ తాడు తీసేసి మెత్తటి నూలు తాడు వేశాం, ఈసారి రెండు చిల్లుల్లోనూ. కోరా గుడ్డ చుట్టి చెక్కపెట్టెలో పెట్టి ఇచ్చాం. అటక వద్దు, బయటి గోడకు ఆనించి పెట్టొద్దు, గాలిలో తేమ 50, 60 శాతం మధ్య ఉండే గది చూడమన్నాం. తేమ కొలిచే చిన్న హైగ్రోమీటర్ ఒకటి కొడుకు కొనుక్కున్నారు. వానాకాలం దాటాక పెట్టె తెరిచి చూసి, గుడ్డ మీద కొత్తగా పొడి రాలి ఉంటే ఫోన్ చేయమన్నాను. దసరా పూజ మానమని చెప్పలేదు. పసుపు కుంకుమలు పెట్టె మూతకే పెడతామని, ఆకుల మీద పెట్టబోమని పెద్దావిడ ఒప్పుకున్నారు. దీపం మాత్రం పెట్టె పక్కనే ఉంటుందట. కనీసం మూరెడు దూరం ఉంచమని బేరమాడాను.